రెండో తాళం

“మా ఆయన బతికే ఉన్నాడని చెప్పండి చాలు. ఫీజు ఎంతైనా ఇస్తాను.”

ఆ మాట చెప్పడానికి ఫీజు పుచ్చుకునేవాళ్లు వేరే ఉన్నారు. వాళ్లు చెయ్యి చూసి చెప్తారు. నేను కాళ్లరిగేలా తిరిగి, ఉన్నదే చెప్పేవాణ్ణి. ఆ సంగతి చెప్పి ఆవిణ్ణి కూర్చోమన్నాను. కూర్చోలేదు. కుర్చీ వీపు పట్టుకుని నిలబడింది. ఆ పట్టుకి నా పాత కుర్చీ కిర్రుమంది.

నడివయసు మనిషి. రాత్రంతా నిద్ర లేదని కళ్లే చెప్తున్నాయి. భుజానికి పెద్ద గుడ్డసంచీ. ఫ్యాను కింద కూర్చున్నా చొక్కా వీపుకి అంటుకుపోయే ఎండాకాలం అది. ఆ సంచీలోంచి ఉన్ని స్వెట్టరు చెయ్యి ఒకటి బయటికి వేలాడుతోంది. ఆవిడ కదిలినప్పుడల్లా సంచీలోంచి పులిసిన వాసన గుప్పుమంటోంది. డిటెక్టివ్ అని బోర్డు పెట్టుకున్నాక ఇలాంటివి కంట పడక మానవు. చూశానని వెంటనే అనకుండా నోరు కట్టుకోవడమే కష్టం.

ఆవిడెవరో నాకు తెలుసు. ఈ బోర్డు పెట్టకముందు నేను కోర్టు అమీనాని. నోటీసు తీసుకోనివాళ్ల తలుపుకి నోటీసు అంటించి, తిట్లు తిని వచ్చే ఉద్యోగం. ఐస్ ఫ్యాక్టరీ అన్నదమ్ముల గుమ్మాలు నా చెప్పులకి కంఠతా వచ్చు. తండ్రి పోగానే ఫ్యాక్టరీ నాదంటే నాదని ఇద్దరూ కోర్టుకెక్కారు. కింది కోర్టులో అన్న గెలిచాడు. తమ్ముడు పైకోర్టులో అప్పీలు వేశాడు. అది తేలేదాకా ఫ్యాక్టరీకి తాళం వేయించి, దాని బాగోగులు చూడమని ఒక పెద్ద వకీలుని రిసీవరుగా పెట్టింది కోర్టు. అప్పీలు ఏళ్ల తరబడి నానుతూనే ఉంది. ఈవిడ ఆ తమ్ముడి భార్య.

“మొదటినుంచీ చెప్పండమ్మా.”

“పోయిన నెల అన్నదమ్ములిద్దరూ రాజీ పడ్డారు. మధ్యలో వకీళ్లు కూడా లేరు. చెరిసగమని కాయితాల మీద సంతకాలయ్యాయి. నిన్న జడ్జీల ముందు ఇద్దరూ నిలబడి, మా ఇష్టంతోనే అని ఒక్క మాట చెప్తే అప్పీలు ముగిసిపోయేది. పొద్దున మా ఆయన తెల్ల చొక్కా వేసుకుని బయల్దేరారు. కోర్టుకి చేరలేదు. ఇంటికీ రాలేదు.” కొంగుతో కళ్లు తుడుచుకుంది. “ఇవాళ పొద్దున్నే పోలీసులు ఆ చొక్కా పట్టుకొచ్చి, ఇది మీ ఆయనదేనా అనడిగారు. ఏటి ఒడ్డున దొరికిందట.”

“జడ్జీలేమన్నారు?”

“ఇవాళ భోజనాల వేళ దాటాక మళ్లీ పిలుస్తారట. ఇద్దరూ వచ్చి నిలబడకపోతే రాజీ లేదు గీజీ లేదు, తీర్పు రాసేస్తామన్నారట. నాకు తీర్పూ వద్దు, ఏదీ వద్దు. మనిషి కావాలి.”

“రాజీ మీకు ఇష్టమేనా?”

అంతదాకా నన్నే చూస్తున్న మనిషి గోడ వైపు చూసింది. “ఆయన ఇష్టమే నా ఇష్టం.”

ఇష్టమన్న మాట పళ్లు బిగించి చెప్పేవాళ్లని కోర్టు వరండాల్లో బోలెడుమందిని చూశాను. కానీ ఆ ఏడుపు మాత్రం దొంగ ఏడుపు కాదు. ఆ రెండూ ఒకే మనిషిలో ఎలా పొసుగుతాయో తేల్చుకోలేకే చెప్పుల్లో కాళ్లు పెట్టాను.

* * *

ఏటి పక్క స్టేషన్ ఇన్‌స్పెక్టరు నాకు తోడల్లుడు. మా మామగారికి ఇద్దరల్లుళ్లు. ఒకడు యూనిఫారంలో ఉన్నాడు. రెండోవాణ్ణి నేను. వయసులో నేను పెద్దవాణ్ణి, అత్తవారింట్లో అతను పెద్దవాడు.

“వచ్చావా అన్నయ్యా!” అన్నాడు కుర్చీలోంచి లేవకుండానే. “శవం ఇంకా తేలనేలేదు. అప్పుడే వాసన పట్టేశావే!”

నా వెనక ఆవిడ కెవ్వుమనబోయి నోరు నొక్కుకుంది.

“నోరు జాగ్రత్త తమ్ముడూ. ఆయన భార్య ఇక్కడే ఉంది.”

స్టేషన్లో తమ్ముడూ అని పిలిస్తే అతనికి అరికాలి మంట నెత్తికెక్కుతుంది. అందుకే పిలుస్తాను.

“ఉంటే ఉండనీ. తెలియాల్సిందేగా. అన్నే తమ్ముణ్ణి మనుషుల్ని పెట్టి ఏట్లో తోయించాడు. తెల్లారగానే పెద్దాయన్ని తెచ్చి పక్కగదిలో కూర్చోబెట్టాను. కేసు సగం అయిపోయింది. నువ్వు వెళ్లి హాయిగా నీ నోటీసులేవో అంటించుకో.”

“తమ్ముణ్ణి చంపితే ఆయనకేం ఒరుగుతుంది?”

“కింది కోర్టులో గెలిచింది ఆయన. అప్పీలు వేసినవాడు పోతే ఇంక అడ్డెవడు?”

“గెలిచి కూర్చున్నవాడు సగం ఇస్తానని రాజీ కాయితం మీద సంతకమెందుకు పెట్టాడు మరి?”

“నాటకం.”

“ఎవరు చూడాలని? వకీళ్లు కూడా లేని నాటకానికి టిక్కెట్టు కొన్నదెవరు?”

తోడల్లుడు గుడ్లురిమాడు. బల్ల మీది లాఠీని ఇటుది అటు పెట్టాడు. “కాసేపు మాట్లాడుకో, పో. నీకక్కడ దొరికేదేం లేదు. ఇంటికెళ్లి మీ ఆవిడకి చెప్పకు, మళ్లీ మా ఇంట్లో నాకు అక్షింతలు పడతాయి.”

పక్కగదిలో బల్ల మీద కూర్చున్నాడు పెద్దాయన. నిలువెత్తు మనిషి. చిన్నప్పట్నుంచీ మంచు మోసిన చేతులు, వేళ్ల చివర్లు మొద్దుబారి నల్లబడ్డాయి. నన్ను చూడగానే లేచాడు. “దొరికాడా?” అన్నాడు. చంపించినవాడు కూడా ఆ ప్రశ్న అడగొచ్చు. కానీ జవాబు వినేదాకా ఊపిరి బిగబట్టి నిలబడాలని అతనికి తోచదు.

“లేదు. కూర్చోండి. తమ్ముడితో ఎక్కడ రాజీ పడ్డారు?”

“మంగలి షాపులో.”

నేను తలెత్తి చూశాను.

“పక్కపక్క కుర్చీల్లో కూర్చోబెట్టాడండీ ఆ మంగలి. ఇద్దరి మొహాలకీ నురగే, ఎవరు ఎవరో తెలియలేదు. గొంతు మీద కత్తి పెట్టాక లేచిపోలేం కదా. అద్దంలో చూసుకున్నాం. వాడి తల ముగ్గుబుట్టైపోయింది. ‘ముసలాడివైపోయావురా’ అన్నాను. ‘నువ్వెప్పుడో అయ్యావు’ అన్నాడు. రెండు గడ్డాలు అయ్యేసరికి మా కేసు కూడా అయిపోయింది.” నవ్వబోయాడు. అది నవ్వుగా బయటికి రాలేదు. మొహం రెండు చేతుల్లో దాచుకున్నాడు.

“నిన్నంతా ఎక్కడున్నారు?”

“కోర్టు వరండాలో. పొద్దుట్నుంచి గేటు మూసేదాకా. వాడొస్తాడని గేటు వంకే చూస్తూ కూర్చున్నాను. కావాలంటే ఎవర్నైనా అడగండి.”

“ఫ్యాక్టరీ వైపు వెళ్లలేదా?”

“అక్కడేముంది బాబూ? మూతబడి ఎన్నేళ్లో. నీళ్ల డబ్బాలు దింపి గడ్డకట్టించే ఉప్పునీళ్ల తొట్టి ఉండేది. ఆ నీళ్లు కూడా వదిలేసి తొట్టి ఎండగట్టేశామని రిసీవరుగారు కోర్టుకి రాసిచ్చారు. అంతా తుప్పు పట్టిపోయి ఉంటుంది. రాజీ అయ్యాక ఇద్దరం కలిసి గోకుదాం అనుకున్నాం.” హఠాత్తుగా నా చెయ్యి పట్టుకున్నాడు. “నన్ను కోర్టుకి పంపించే ఏర్పాటు చూడండి. వాడు ఎక్కడున్నా ఆ వేళకి వస్తాడు. నేనక్కడ ఉండాలి. ఆ జడ్జీల ముందు నేనొక మాట చెప్పాలి. అది చెప్పకుండా పోతే నాకు పుట్టగతులుండవు.”

“ఏమిటా మాట?”

“వాడికి మాటిచ్చాను. అక్కడే చెప్తాను.” తలుపు వైపు చూశాడు. సందులోంచి మరదలి నీడ కనిపిస్తోంది. చూపు దించేసుకున్నాడు.

అప్పుడే తలుపు తోసుకుని వచ్చాడు రిసీవరు. నలగని తెల్ల కాలరు, నల్లకోటు మడిచి మోచేతి మీద. మాట తేనెలో ముంచి తీసినట్టుంది.

“ఇన్‌స్పెక్టరు గారూ, పెద్దమనిషిని ఇలా కూర్చోబెడితే ఏం బాగుంటుంది? నా పూచీ మీద పంపండి. నా కారులోనే కోర్టుకి తీసుకెళ్లి జడ్జీల ముందు నిలబెడతాను. ఈ రాజీ కుదిరితే నాకూ బరువు తీరుతుంది. తాళంచెవులు వాళ్ల చేతిలో పెట్టి ఎన్నాళ్లకో కంటినిండా నిద్రపోతాను.”

పెద్ద వకీలు స్వయంగా వచ్చి అడిగితే కాదనేంత వెన్నెముక మా తోడల్లుడికి లేదు. నాకు కూడా కాదనడానికి కారణం కనపడలేదు. మనిషి ఒంటి మీద ఒక్క మడత లేదు కానీ, నల్ల బూట్ల చుట్టూ తెల్లటి గీత ఒకటి కట్టి ఉంది. వకీళ్ల బూట్లు ఎవరు తుడుస్తారన్నది నాకెందుకని వదిలేశాను.

వెళ్తూ వెళ్తూ పెద్దాయన మరదలి దగ్గర ఆగాడు. “భయపడకమ్మాయ్. వాడు మొండిఘటం. అంత తేలిగ్గా పోడు.”

ఆవిడ మొహం తిప్పేసుకుంది. ఆయన ఇంకేదో అనబోయి, రిసీవరు భుజం మీద చెయ్యి వేసి నడిపించగానే వెళ్లిపోయాడు.

* * *

చొక్కాని కిటికీ ఊచకి ఆరేశారు. పొద్దున తెచ్చినప్పుడు తడిసి ముద్దగా ఉందట. ఇప్పుడు ఆరింది. ముట్టుకుంటే అట్టముక్కలా పెళపెళలాడింది. భుజాల మీద, చేతుల మీద, అంచుల వెంట తెల్లటి చారలు. జేబు వెనక్కి తిప్పితే పొడిలాంటిది నా అరచేతిలో రాలింది. నాలిక మీద వేసుకున్నాను.

“ఏయ్, అది సాక్ష్యం! నాకుతావేంటి?” అరిచాడు తోడల్లుడు.

“ఉప్పు.”

“చెమట కూడా ఉప్పే.”

“చంకల్లో పట్టే చెమట జేబులో కూడా పడుతుందా? అదీ ఇంత గరుకుగా? ఏటి నీళ్లలో నానిన చొక్కాకి ఉప్పెలా వచ్చింది? ఇది ఏట్లో తడవలేదు తమ్ముడూ. ఎక్కడో ఉప్పునీళ్లలో మునిగి, తడి ఆరకముందే ఒడ్డుకి చేరింది. ఎవరో తెచ్చి పడేశారు.”

“సముద్రం ఎంత దూరమో తెలుసా నీకు?”

“సముద్రం దాకా ఎందుకు? ఐస్ ఫ్యాక్టరీలో తొట్టి ఉంది.”

“అది ఎండగట్టేశారు. నువ్వే విన్నావుగా.”

“విన్నాను. చూడలేదు.”

నా వెనక ఏదో కిందపడ్డ చప్పుడయింది. తిరిగి చూస్తే సంచీ జారిపోయి, అందులోంచి స్వెట్టరూ, భోజనం క్యారియరూ దొర్లాయి. ఆవిడ గోడకి ఆనుకుని నిలబడింది. మొహంలో నెత్తురుచుక్క లేదు. నేను వంగి క్యారియర్ మూత తీశాను. పులిసిన వాసన గదంతా కమ్మింది. కలపని అన్నం కలపనట్టే ఉంది.

“ఇది ఎవరికి కట్టారమ్మా?”

ఆవిడ చూపు క్యారియర్ మీంచి స్వెట్టరు మీదికి పోయింది.

“కనపడకుండా పోయిన మనిషికి ఎవరూ భోజనం కట్టరు. ఎక్కడున్నాడో తెలిసిన మనిషికి కడతారు. స్వెట్టరు కూడా పెట్టారంటే అక్కడ చలిగా ఉంటుందని తెలుసు. నిన్న కట్టారు. ఆయన తినలేదు. మీరు సంచీ విప్పను కూడా విప్పకుండా నా దగ్గరికి పరిగెత్తుకొచ్చారు. ఇప్పుడైనా చెప్పండి, ఎక్కడ పెట్టారు ఆయన్ని?”

ఆవిడ అలాగే గోడ వెంట జారి నేల మీద కూలబడింది.

“ఐస్ గోదాములో,” అంది. “నేనే తలుపేశాను.”

తోడల్లుడు నోరు తెరిచి, నేను చెయ్యెత్తగానే మూసుకున్నాడు. అతని జీవితంలో నా మాట విన్నది అదే మొదటిసారి.

“కోర్టుకి వెళ్లేముందు ఒక్కసారి వాళ్ల నాన్న కుర్చీ చూసుకుంటానన్నారు. కాలవ పక్కనున్న చిన్న తలుపుకి సీలు లేదు, దాని పాత తాళంచెవి మా ఇంట్లోనే ఉంది. గోదాములో మూలనుంది ఆ కుర్చీ. తలుపు తీస్తే లోపల చల్లగా ఉంది, ఎందుకో అప్పుడు ఆలోచించలేదు. ఆయన లోపలికెళ్లారు. గొళ్లానికి పాత ఇత్తడి తాళం వేలాడుతోంది, చెవితో సహా. తలుపు లాగి తాళం నొక్కి, చెవి పట్టుకొచ్చేశాను. ముందుగా అనుకోలేదండీ. నా చెయ్యి దానంతటదే పోయింది. కోర్టు టైము దాటిపోతే చాలనుకున్నాను. సాయంత్రం తీసి కాళ్లు పట్టుకుందామనుకున్నాను.”

“రాజీ అంటే అంత కోపమేంటి మీకు? సగం వాటా వస్తోందిగా!”

“వాటా ఆయనకొస్తుంది. నాకేమొస్తుంది?” ఆ గొంతు స్టేషనంతా వినపడింది. “మా మామగారు చివరి రోజుల్లో నా చెయ్యి పట్టుకుని లేచి కూర్చుని, ఇద్దరికీ సమానమని రాయించిన కాయితం మీద సంతకం పెట్టారు. ఆ గదిలో ఉన్నది నేనూ, మా బావగారూ. ఆయన చూడలేదన్నాడు. వాళ్ల వకీలు నన్ను బోనులో నిలబెట్టి, ముసలాయన చెయ్యి పట్టుకుని నువ్వే గీయించావు కదూ అని ఎన్ని రకాలుగా అడగాలో అన్ని రకాలుగా అడిగాడు. జడ్జీ తీర్పులో రాశాడు, ఈ సాక్షి మాట నమ్మదగినది కాదని. మా పిల్లలు చదివారు ఆ తీర్పు. అప్పీలు గెలిస్తే ఆ వాక్యం కొట్టేస్తారని ఇన్నేళ్లు కాచుకుని కూర్చున్నాను. రాజీ పడితే ఇంక అప్పీలే లేదు. ఆ వాక్యం అలాగే ఉండిపోతుంది. నేను చచ్చాక కూడా ఉంటుంది.”

ఆ తీర్పు కాపీ వాళ్లింటికి చేర్చింది నేనే. అందులో ఏముందో చదవడం నా ఉద్యోగం కాదు.

“సాయంత్రం వెళ్లారా?”

“భోజనం పట్టుకుని వెళ్లాను. తాళం నాది కాదు. కొత్త స్టీలు తాళం వేసుంది. పిలిచాను. పలకలేదు. ఎలాగో బయటపడి, నన్ను ఏడిపించడానికి వేరే తాళం వేసి, వాళ్లన్న ఇంటికి పోయారనుకున్నాను. కోపం తగ్గితే వస్తారని తెల్లవార్లూ గుమ్మంలోనే కూర్చున్నాను. పొద్దున చొక్కా వచ్చింది.” తల గోడకేసి కొట్టుకోబోతే నేను పట్టుకున్నాను. “ఆయనకి ఉబ్బసం అండీ. చల్లగాలి తగిలితేనే ఊపిరాడదు.”

తోడల్లుడు అప్పటికే జీపు తాళాలు అందుకున్నాడు.

* * *

ఫ్యాక్టరీ ముందు గేటుకి గుడ్డ చుట్టి, లక్కతో వేసిన కోర్టు సీలు చెక్కుచెదరలేదు. గడ్డి గేటు సగందాకా పెరిగింది. ఎవరైనా వచ్చి చూస్తే, ఎంత బుద్ధిగా మూసిపెట్టారో అనుకుని వెళ్లిపోతారు. కాలవ పక్క చిన్న తలుపు దగ్గర మాత్రం గడ్డి లేదు. లారీ చక్రాల గాడి ఉంది. ఆవిడ తెచ్చిన పాత చెవితో తలుపు తీశాం.

లోపల తొట్టి మీద చెక్కపలకలు పరిచి ఉన్నాయి. అవి తడిగా ఉన్నాయి. ఒకటి విరిగి లోపలికి కుంగింది. పక్కనే కొత్త ఉప్పు బస్తాలు, ఒకటి మూతి విప్పి ఉంది. నేల మీద అడుగుల జాడలు ఆరి తెల్లగా మెరుస్తున్నాయి. విరిగిన పలక సందులో చెయ్యి పెట్టాను. నీళ్లు. వేళ్లు కొరికేంత చల్లగా ఉన్నాయి.

“అన్నయ్యా, ఇటు రా.” మోటారు మీద అరచెయ్యి ఆనించి నిలబడ్డాడు తోడల్లుడు. గొంతులో వెటకారం లేదు. “ఇంకా వేడిగా ఉంది. తెల్లారేదాకా నడిచింది ఇది. ఆ గొట్టం చూడు, మంచు కట్టింది. కోర్టుకి ఎండిపోయిందని రాసిచ్చి, దొంగతనంగా ఐస్ అమ్ముకుంటున్నారు.”

“చొక్కా ఎక్కడ తడిసిందో తెలిసింది. వాళ్లొచ్చి పాత తాళం పగలగొట్టారు. లోపల మనిషున్నాడు. ఆయన పారిపోబోయాడు. పలక విరిగి తొట్టిలో పడ్డాడు.”

“తర్వాత?”

తర్వాత ఏమిటో చెప్పడానికి ముగ్గురికీ ధైర్యం చాలలేదు. గోదాము తలుపు హాలు చివర ఉంది. మనిషి చెయ్యంత మందం, చలి బయటికి పోకుండా లోపల బెరడు కూరిన తలుపు. అటువైపు గొంతు చించుకున్నా ఇటువైపు వినపడదు. కొత్త స్టీలు తాళం. ఆవిడ రెండు పిడికిళ్లతో తలుపు మీద బాదుతోంది. “ఏమండీ! ఏమండీ!” చేతులు తీసినచోట తలుపు మీది చెమ్మలో ఆవిడ పిడికిళ్ల అచ్చులు పడ్డాయి.

గోడకి తగిలించిన మంచు గునపం తీసుకుని తోడల్లుడు గొళ్లెంలో దూర్చాడు. ఇద్దరం కలిసి వేలాడాం. ఆ గొళ్లెం ఊడేసరికి నా భుజం కూడా ఊడిందనుకున్నాను.

తలుపు తెరవగానే తెల్లటి పొగలా చలి మీదికొచ్చింది. వరుసగా పేర్చిన ఐస్ దిమ్మలు. వాటి వెనక మూలన పాత చేతుల కుర్చీ ఒకటి. ఖాళీగా ఉంది.

ఆవిడ నోటివెంట వచ్చిన చప్పుడు ఇప్పటికీ నా చెవుల్లో ఉంది. మనిషి గొంతులా లేదది.

“ఆగండి,” అన్నాను. కుర్చీ పక్కన రంపపుపొట్టు కుప్ప ఉంది. ఐస్ కరగకుండా దిమ్మల మీద పోసే పొట్టు అది, ప్రతి ఐస్ గోదాములోనూ ఉంటుంది. కానీ దిమ్మల మీద ఒక్క రవ్వ లేదు. ఎవరో చేత్తో ఊడ్చుకుని అంతా ఒక్కచోటికి పోగేసుకున్నారు. “తవ్వండి!”

ముగ్గురం చేతుల్తోనే తవ్వాం. పొట్టు కింద గోనెసంచులు. గోనెసంచుల్లో మనిషి. చలిని లోపల ఆపే పొట్టే వేడినీ లోపల ఆపుతుందని పుట్టినప్పట్నుంచీ మంచులో ఆడుకున్నవాడికి ఒకరు చెప్పాలా? పెదాలు నీలంగా ఉన్నాయి. ఛాతీ పైకీ కిందికీ ఈలవేస్తూ కదులుతోంది. కదులుతోంది, అంతే చాలు.

బయటికి, ఎండలోకి మోసుకొచ్చాం. ఆవిడ స్వెట్టరు తొడిగి, అతని తల ఒళ్లో పెట్టుకుని చేతులు రుద్దుతూ కూర్చుంది. తోడల్లుడు జీపు దగ్గర ఫోన్లో ఆసుపత్రి బండి కోసం అరుస్తున్నాడు. చాలాసేపటికి ఆయన కళ్లు తెరిచి భార్యని గుర్తుపట్టాడు.

“మొదటి తాళం నీదేగా,” అన్నాడు. మాట మాటకీ ఊపిరి తెగుతోంది. “చప్పుడుకే తెలిసింది.”

“నన్ను చంపెయ్యండి,” అందావిడ.

“పిచ్చిదానా. ఒక్క పూట ఆగలేకపోయావా?” చెయ్యి ఎత్తబోయి ఎత్తలేకపోయాడు. “నేను రాజీకి ఒప్పుకున్నది వాటా కోసం కాదే. అన్నయ్యకి ఒక్కటే షరతు పెట్టాను. జడ్జీల ముందు లేచి నిలబడి చెప్పాలన్నాను. నాన్న సంతకం పెట్టడం నేను చూశాను, మా మరదలు చెప్పింది నిజం, నేనే అబద్ధమాడాను అని. వాళ్లు దాన్ని రాసుకుని, ఆ తర్వాతే కేసు ముగించాలన్నాను. అన్నయ్య సరేనన్నాడు. మంగలి షాపులోనే ఏడ్చాడు. నీకు ముందే చెప్తే నమ్మవు. చెవులారా వింటే నమ్ముతావని కోర్టుకి తీసుకెళ్దామనుకున్నాను.”

ఆవిడ రుద్దడం ఆపేసింది. రెండు చేతులూ అలాగే గాలిలో ఉండిపోయాయి. ఏళ్ల తరబడి ఏ మాట కోసం కాచుకుని కూర్చుందో, ఆ మాట నిన్ననే కోర్టు వరండాలో పొద్దుట్నుంచి గేటు మూసేదాకా ఆవిడ కోసం కాచుకుని కూర్చుంది. పగవాడికి కూడా ఆ మొహం చూడాల్సి రాకూడదు.

“మిమ్మల్ని లోపల పెట్టిందెవరు?” అడిగాను. నల్ల బూట్ల చుట్టూ కట్టిన తెల్ల గీత అప్పటికే నా కళ్లముందు మెదులుతోంది. తెలిసే అడిగాను. కాదంటాడేమోనని చిన్న ఆశ.

“రిసీవరు. తొట్టిలోంచి లాగించి చొక్కా విప్పించాడు. మీ అన్నదమ్ములు కలిస్తే నా బతుకు బజార్న పడుతుందన్నాడు. ఇద్దరూ లేకపోతే నన్ను తాళంచెవులు అడిగేవాడెవడన్నాడు.” ఆయన కళ్లు మా ముగ్గురి మొహాల మీదా తిరిగాయి. “అన్నయ్య ఏడీ? అన్నయ్యని వాడి దగ్గరికి పోనివ్వకండి.”

నేను తోడల్లుడి వైపు చూశాను. ఫోను అతని చెవి దగ్గరే ఉంది. ఇప్పుడు అవతల ఉన్నది ఆసుపత్రి కాదు, కోర్టులో ఉన్న అతని కానిస్టేబులు. వింటున్నాడు. వింటూ వింటూ టోపీ తీసేశాడు. నుదుటి మీద చెమట కారి కళ్లలో పడుతున్నా తుడుచుకోలేదు.

“కేసు పిలిచారట అన్నయ్యా,” అన్నాడు. పెళ్లినాటినుంచీ అతను నన్ను అన్నయ్యా అంటూనే ఉన్నాడు. నిజంగా అన్నది అదొక్కసారే. “రిసీవరు ఒక్కడే వచ్చి నిలబడ్డాడట. తమ్ముడు పోయాడన్న దిగులు తట్టుకోలేక పెద్దాయన దారిలోనే కారు దిగి, ఏటి వైపు వెళ్లిపోయాడని జడ్జీలకి చెప్పాడట. నా చేతుల్తో నేనే అప్పజెప్పాను.”

అందరికంటే ముందు లేచింది ఆవిడే. మొగుడి తల మెల్లిగా నా ఒళ్లోకి మార్చి, చెప్పులు కూడా వేసుకోకుండా జీపు దగ్గరికి పరిగెత్తింది.

“ఏటి వైపు పోనివ్వండి,” అంది తోడల్లుడితో. “మా బావగారు ఇంకా ఆ మాట చెప్పలేదు.”